వేషం కట్టిన శిల్పి

ఒక ఫోటోలో తామరపువ్వు మీద నిలబడ్డ లక్ష్మీదేవి. పక్కదాంట్లో వెన్నెల్లో నీటి ఒడ్డున ఒంటరిగా కూర్చుని ఎవరికోసమో ఎదురుచూస్తున్న అమ్మాయి. ఇంకోదాంట్లో పోలీసులకు పట్టుబడ్డ నేరస్తురాలు. మరోదాంట్లో గళ్ళ తెర ముందు కొలతల కోసం నిలబెట్టిన గిరిజన స్త్రీ. కొన్నేళ్ళ తరువాత తీసిన ఫోటోలో కోళిక్కోడ్ రాజు కొలువులో గడ్డంతో నిలబడ్డ వాస్కో డ గామా. ఇందరూ ఒక్కరే. ఆమె బెంగళూరులో 1956లో పుట్టిన పుష్పమాల ఎన్. అనే కళాకారిణి.

ఈ ఫోటోలు ఎవరికి చూపించినా నాకు ఎదురయ్యే ప్రశ్న ఒకటే: ఇంతకీ ఈవిడ చేసే పనేంటి? చదివింది శిల్పకళ. ఫోటోగ్రాఫర్ అందామంటే కెమెరా పట్టుకునేది వేరేవాళ్ళు. నటి అందామంటే సినిమాల్లోనూ లేరు, నాటకాల్లోనూ లేరు. వీడియోలు తీశారు, స్టేజీ మీద ప్రదర్శనలిచ్చారు, 2019లో చెన్నై ఫోటో బియెన్నాలేకి (రెండేళ్ళకోసారి జరిగే ఫోటోల ప్రదర్శన) ఆర్టిస్టిక్ డైరెక్టర్‌గా ఉన్నారు, రాగిరేకుల మీద లిపులు చెక్కించారు. ఇలాంటివాళ్ళ గురించి మనవాళ్ళు రెండు రకాలుగా మాట్లాడతారు. సభలో అయితే ఆవిడకు రాని విద్య లేదంటారు. సభ అయిపోయాక బయట టీ తాగుతూ, ఏదీ గట్టిగా పట్టుకోలేదని అంటారు. రెండు మాటలకీ ఫలితం ఒకటే. పని దగ్గరికి వెళ్ళి చూసే శ్రమ తప్పిపోతుంది.

నా వాదన ఏంటంటే, పుష్పమాల ఇన్నేళ్ళుగా చేస్తున్నది ఒకే పని. మనందరి కళ్ళల్లో స్థిరపడిపోయిన బొమ్మల్ని తీసుకుని, వాటిని తన ఒంటితో మళ్ళీ తయారుచేయడం. తయారుచేస్తేగానీ ఆ బొమ్మని మొదట ఎవరు, ఎందుకు, ఎలా కట్టారో తెలియదు. అందుకు ఒకసారి దర్జీ కావాలి, ఒకసారి తెరలు రాసే పెయింటర్ కావాలి, ఒకసారి కెమెరా కావాలి, ఒకసారి పొయ్యి కూడా కావాల్సొచ్చింది. పనిముట్లు మారినంత మాత్రాన పని మారిపోయినట్టు కాదు.

మొదటినుంచీ చూద్దాం. బెంగళూరు యూనివర్సిటీలో ఆమె ఆర్థికశాస్త్రం, ఇంగ్లీషు, సైకాలజీ చదివారు. తరువాత బరోడాలోని ఎం.ఎస్. యూనివర్సిటీకి వెళ్ళి 1982లో శిల్పకళలో డిగ్రీ, 1985లో మాస్టర్స్ పూర్తిచేశారు. ఆ రోజుల్లో బరోడా అంటే మామూలు కాలేజీ కాదు. కె.జి. సుబ్రమణ్యన్ లాంటి మాస్టారు అక్కడ ఉండేవారు. ఆయన పెయింటింగులు వేశారు, గోడల మీద మ్యూరల్స్ చేశారు, మట్టి పలకలు చేశారు, అద్దం మీద బొమ్మలు వేశారు, పిల్లల బొమ్మలు చేశారు, పుస్తకాలు రాశారు. ఆయన్ని ఎవరూ ఒక గది ఎంచుకోమనలేదు. కాలేజీలో జరిగే ఫైన్ ఆర్ట్స్ ఫెయిర్‌లో గురువులూ శిష్యులూ కలిసి బొమ్మలు చేసి అమ్మేవాళ్ళు. మన నిజాంపూర్ నుంచి కె. లక్ష్మాగౌడ్ 1960లలో అక్కడికే వెళ్ళి చదువుకున్నారు. ఆయన కూడా తరువాత ఎచింగు (లోహపు రేకు మీద గీసి అచ్చు తీయడం), డ్రాయింగు, టెర్రకోట, కంచు అంటూ చెయ్యి పెట్టని మాధ్యమం దాదాపు లేదు. అది ఆ చోటు పెట్టిన అలవాటు అనుకుంటాను.

బరోడా మనుషుల్లో ఇంకొకరిని తప్పకుండా చెప్పాలి. భూపేన్ ఖక్కర్. వృత్తి రీత్యా అకౌంటెంటు, పేరు తెచ్చుకున్నది చిత్రకారుడిగా. 1972లో తన ఎగ్జిబిషన్ కోసం వేసిన కేటలాగులో ఆయన జేమ్స్‌బాండ్ లాగా, కండలవీరుడి లాగా, టూత్‌పేస్టు ప్రకటనలో మనిషి లాగా పోజులిచ్చి ఫోటోలు దిగారు. అప్పుడు దాన్ని అందరూ చిలిపి పని కింద జమకట్టి ఉంటారు. వెనక్కి తిరిగి చూస్తే, కళాకారుడు తన ఒంటినే బొమ్మగా వాడుకోవడం ఈ దేశంలో ఎంత తొందరగా మొదలైందో అర్థమవుతుంది. పుష్పమాల ఫోటోలు ఎక్కడో న్యూయార్క్ నుంచి దిగుమతి అయినవని విసుక్కునేవాళ్ళు ముందు ఆ కేటలాగు చూడాలి.

మొదట్లో ఆమె చేసినవి కాల్చిన మట్టి శిల్పాలు. ఎక్కువగా ఆడపిల్లల బొమ్మలు. మంచి గుర్తింపు కూడా వచ్చింది: 1984లో జాతీయ అవార్డు, 1986లో ఆరో ట్రైయెన్నాలేలో (మూడేళ్ళకోసారి అన్న లెక్కన పెట్టిన కళాప్రదర్శన) బంగారు పతకం. మామూలు లెక్కలో ఇక దారి తప్పాల్సిన అవసరం లేదు. అవే బొమ్మలు ఇంకాస్త పెద్దగా, తరువాత కంచులో చేసుకుంటూ పోతే జీవితం హాయిగా గడిచిపోతుంది. చాలామంది చేసేది అదే, వాళ్ళని నేను తప్పుపట్టను. ఈమె మాత్రం 1990లలో మట్టి వదిలి కాగితం లాంటి తేలికైన, పారేసే వస్తువులతో పనిచేయడం మొదలుపెట్టారు. బాబ్రీ మసీదు కూల్చివేత, తరువాత బొంబాయి అల్లర్లు జరిగిన కాలం అది. దేశం గురించి, ఆడవాళ్ళ గురించి, మన గతం గురించి బొమ్మలే మాట్లాడుతున్న కాలం. రథాల మీద, పోస్టర్ల మీద, టీవీలో ఎక్కడ చూసినా బొమ్మలే. అలాంటప్పుడు బొమ్మలు చేసే మనిషికి తన చేతిలోని మట్టి మీద అనుమానం రాకపోతే ఆశ్చర్యపోవాలి.

1996-98 మధ్య బొంబాయిలో తీసిన ‘ఫాంటమ్ లేడీ ఆర్ కిస్మత్’తో ఆమె కెమెరా ముందుకొచ్చారు. నలుపు తెలుపు ఫోటోలతో నడిచే ఒక థ్రిల్లర్. ముసుగేసుకున్న సాహస నాయికా ఆమే, వ్యాంపూ ఆమే. 1930లలో కొరడా పట్టి గుర్రమెక్కిన హిందీ సినిమా తార నాడియా ఆ నాయికకు మూలం. తరువాత ‘సునహరే సప్నే’లో పాతకాలంలో లాగా నలుపు తెలుపు ఫోటోల మీద చేత్తో రంగులద్దించారు. అందులో ఒక గృహిణీ, ఆమె కలల్లోని ఇంకో ఆమే కనిపిస్తారు.

నేను ఒప్పుకోని మాట ఇక్కడే మొదలవుతుంది. చాలామంది విమర్శకులు ఈ మలుపుని ‘శిల్పం వదిలి ఫోటోగ్రఫీకి’ అని రాస్తారు. ఆ ఫోటోల్ని కాసేపు నిదానంగా చూడండి. కదలిక పట్టుకున్న ఫోటోలు దాదాపు కనిపించవు. మనిషి ఒక భంగిమలో నిలబడి, చీర మడత ఎక్కడ పడాలో అక్కడ పడి, వెలుగు ఏ బుగ్గ మీద ఆగాలో అక్కడ ఆగేదాకా కెమెరా ఆగింది. బరువు ఏ కాలి మీద ఉంది, నడుము ఎటు ఒరిగింది, చెయ్యి గాల్లో ఎంత ఎత్తున నిలిచింది లాంటివన్నీ శిల్పి పట్టించుకునే సంగతులు. గుడి గోడ మీది బొమ్మని చూసేవాళ్ళకి ఇది వేరే చెప్పక్కర్లేదు. ఆమె మట్టి వదిలిపెట్టి తన ఒంటిని పట్టుకున్నారు. శిల్పి ఉద్యోగం మాత్రం వదల్లేదు.

దీనికి నాకు బాగా నచ్చే సాక్ష్యం ‘బాంబే ఫోటో స్టూడియో’ ఫోటోలు. 2000-2003 మధ్య తీసినవి. వాటిని తీసింది జె.హెచ్. ఠక్కర్. బొంబాయిలో ఇండియా ఫోటో స్టూడియో నడిపిన మనిషి, ఒక తరం హిందీ సినిమా తారల పోర్ట్రెయిట్లు తీసిన చెయ్యి. ఆమె ఆయన దగ్గరికి వెళ్ళి, ఆ తారల్ని ఎలా కూర్చోబెట్టారో ఎలా లైటు పెట్టారో తనకూ అలాగే పెట్టమన్నారు. అందులో ‘నవరస’ ఫోటోలు పాత ఫోటోల్లో కనిపించే గోధుమవన్నె సెపియా రంగులో ఉంటాయి. శృంగారం, భయం, బీభత్సం అన్నీ ఒకే ముఖం మీద, ఆ పాత స్టూడియో లైట్ల కింద. నాట్యశాస్త్రం చెప్పిన రసాలు తెర మీదికి ఎక్కేటప్పుడు లైట్‌బాయ్ చేతుల మీదుగా, మేకప్ పెట్టెలోంచి వచ్చాయన్న సంగతి ఈ ఫోటోలు చూస్తే తెలుస్తుంది. ఠక్కర్ మాస్టారి పనితనాన్ని ఆమె ఎక్కడా వెక్కిరించలేదు. అదే నాకు ముఖ్యం.

మన ఊళ్ళల్లో స్టూడియోలు గుర్తున్నాయా? తెర మీద మేడమెట్లు, వాటి పక్కన పూలకుండీ, వెనకాల ఎప్పటికీ అస్తమించని సూర్యుడు. మా అమ్మావాళ్ళ తరంలో పెళ్ళిచూపులకు పంపే ఫోటో అలాంటి తెర ముందే దిగేవారు. వైరు లేని టెలిఫోను చెవి దగ్గర పెట్టుకుని కూడా దిగేవారు. ఇప్పుడు వాటిని వాట్సాప్‌లో చూసుకుని నవ్వుకుంటాం. నవ్వు సరే. అయితే ఆ తెర ముందు కూర్చున్న అమ్మాయికి, తల ఎంత వంచాలో, చీరకొంగు ఎలా సర్దుకోవాలో, కళ్ళు ఎటు చూడాలో ఎవరు నేర్పారు? ఫోటోగ్రాఫర్ చెప్పాడు. ఆయనకెవరు చెప్పారు? సినిమా స్టిల్సు చెప్పాయి, క్యాలెండర్లు చెప్పాయి. ఆ క్యాలెండర్ల వెనక రవివర్మ ఉన్నాడు.

రవివర్మ 1894లో బొంబాయిలో రంగుల బొమ్మలు అచ్చువేసే లితోగ్రాఫ్ ప్రెస్సు పెట్టి దేవుళ్ళ బొమ్మల్ని ఇంటింటికీ చేర్చాడు. మన పూజగదుల్లో లక్ష్మీ సరస్వతులు ఇప్పటికీ ఆయన కట్టించిన చీరల్లోనే ఉంటారు. దేవతకి ఆ ముఖం, ఆ చీరకట్టు ఆయనకి ముందు లేవు. అయినా ఇప్పుడు ఆ బొమ్మ మారిస్తే మనకి దేవత మారిపోయినట్టే అనిపిస్తుంది. ఒక మనిషి స్టూడియోలో తీసుకున్న నిర్ణయం మన భక్తిలో భాగమైపోయింది. దీన్ని వ్యాసాల్లో రాయడం వేరు. కిరీటం పెట్టుకుని, రంగు పూసుకుని, తెర ముందు గంటల తరబడి నిలబడి అనుభవించడం వేరు.

ఆ పని చేసిన ప్రాజెక్టు పేరు ‘నేటివ్ విమెన్ ఆఫ్ సౌత్ ఇండియా: మేనర్స్ అండ్ కస్టమ్స్’. 2000 నుంచి 2004 దాకా, బెంగళూరులో ఉండే బ్రిటిష్ ఫోటోగ్రాఫర్ క్లేర్ ఆర్నీతో కలిసి చేశారు. దీనికి వెన్నెముక పది బొమ్మలు. రవివర్మ నుంచి మూడు: 1889 నాటి వెన్నెల్లో స్త్రీ, చెరువు నుంచి తిరిగొస్తున్న స్త్రీ, లక్ష్మి. బీజాపూర్ సుల్తానుల కాలపు యోగిని ఒకటి. వేళాంగణ్ణి మాత. సర్కస్ అమ్మాయి. జయలలిత కొరడా ఝళిపిస్తున్న తమిళ సినిమా స్టిల్లు, ఒక కన్నడ సినిమా స్టిల్లు. పేపర్లో పడ్డ నేరస్తుల ఫోటో. గళ్ళ తెర ముందు నీలగిరి కొండల తోడా తెగ స్త్రీ.

ఆ పేరే చూడండి. దొరల కాలంలో మన మనుషుల మీద వేసిన పుస్తకాలకి అచ్చం ఇలాంటి పేర్లే ఉండేవి. 1868 నుంచి 1875 దాకా ‘ది పీపుల్ ఆఫ్ ఇండియా’ అని ఎనిమిది సంపుటాలు వేశారు, కులానికో ఫోటో, తెగకో ఫోటో చొప్పున. 1869లో ల్యాంప్రే అనే ఆయన ఒక పద్ధతి కనిపెట్టాడు. చట్రానికి రెండేసి అంగుళాల దూరంలో సిల్కు దారాలు కట్టి గళ్ళు చేసి, దాని ముందు మనిషిని బట్టల్లేకుండా నిలబెట్టి ఫోటో తీస్తే కొలతలన్నీ సుళువుగా దొరుకుతాయన్నమాట. ఇక మన మద్రాసు సంగతి. ఎగ్మూరు మ్యూజియం సూపరింటెండెంట్‌గా చాలాకాలం పనిచేసిన ఎడ్గర్ థర్‌స్టన్, కె. రంగాచారి సాయంతో 1909లో ‘క్యాస్ట్స్ అండ్ ట్రైబ్స్ ఆఫ్ సదరన్ ఇండియా’ ఏడు సంపుటాలుగా వేశాడు. ముక్కు పొడవెంత, తల వెడల్పెంత అని కొలిచే పరికరాలు వెంటబెట్టుకుని ఊళ్ళు తిరిగాడు. పోలీసు అధికారులకు కూడా ఈ కొలతల విద్య మీద పాఠాలు చెప్పాడు. అప్పటి మద్రాసు ప్రెసిడెన్సీలో కోస్తా, రాయలసీమ అన్నీ ఉన్నాయి కాబట్టి ఆ ఏడు సంపుటాల నిండా తెలుగు కులాలే. ఇప్పటికీ మన చరిత్ర వ్యాసాల్లో థర్‌స్టన్‌ని ప్రమాణంగా ఉటంకిస్తుంటారు. అది చదివినప్పుడల్లా నాకు చిరాకేస్తుంది. ఆ ముక్కుల కొలతలు ఎవరి చేతుల్లోంచి వచ్చాయో ఒక వాక్యమైనా రాయరు.

పుష్పమాల ఆ గళ్ళ తెర ముందు తను నిలబడ్డారు. చూసేవాడికి రెండు సంగతులు ఒకేసారి తెలుస్తాయి. ఈమె తోడా స్త్రీ కాదు. బెంగళూరులో పుట్టి, బరోడాలో చదివిన కళాకారిణి. అయినా ఆ తెర ముందు నిలబడగానే ఆమె కూడా ఒక నమూనా అయిపోయింది. గీతలు మనిషిని ఎంత తొందరగా మింగేస్తాయో తెలుస్తుంది. పైగా అదే వరసలో లక్ష్మి, సినిమా నటి, నేరస్తురాలు ఉన్నారు. ఆ పక్కపక్కన పెట్టడంలోనే అసలు వాదన ఉందని నా నమ్మకం. క్యాలెండర్ కోసం దేవతని అమర్చిన కన్నూ, కొలతల కోసం గిరిజన స్త్రీని నిలబెట్టిన కన్నూ, ఎఫ్ఐఆర్ కోసం నేరస్తురాలిని వరసలో నిలబెట్టిన కన్నూ ఒకదానికొకటి చుట్టాలు.

ఇంకో మంచి పని ఏంటంటే, ఆ ప్రాజెక్టులో ‘ప్రాసెస్ సిరీస్’ అని ఒక భాగం ఉంది. మేకప్ వేసుకోవడం, సెట్టు కట్టడం, తెరలు రాయడం, సహాయకులు చుట్టూ తిరగడం అన్నీ అందులో ఫోటోలుగా కనిపిస్తాయి. పూర్తయిన బొమ్మ ఎంత ముచ్చటగా ఉన్నా దాని వెనకాల కర్రలూ మేకులూ చూపించేశారు. ఇది లేకపోతే మొత్తం ప్రాజెక్టు పాత రోజుల మీద మోజుగా మిగిలిపోయేదని నాకు అనిపిస్తుంది. ఈ మధ్య ప్రీవెడ్డింగ్ షూట్లలో జంటలు రవివర్మ బొమ్మల్లా తయారై ఫోటోలు దిగుతున్నారు. చూడటానికి రెండూ ఒకటేలా ఉంటాయి. అక్కడ ఎవరూ మేకులు చూపించరు, అదే తేడా.

ఇక అభ్యంతరం. ఇది నా స్నేహితురాలొకరు గట్టిగా లేవదీసింది, తేలిగ్గా తీసిపారేసేది కాదు. తోడా స్త్రీ ఆ తెర ముందు నిలబడ్డది తన ఇష్టంతో కాదు. పుష్పమాల ఇష్టపడి నిలబడి, షూటింగ్ అయ్యాక రంగు కడిగేసుకుని ఇంటికెళ్ళారు. ఆ ఫోటో గ్యాలరీలో అమ్ముడుపోతుంది. ఒకరి అవమానాన్ని ఇంకొకరు వేషంగా కట్టి పేరు తెచ్చుకోవడం న్యాయమేనా?

పాత బొమ్మల విషయంలో నా దగ్గర జవాబుంది. ఆ ఆర్కైవ్ ఫోటోని తీసుకొచ్చి మళ్ళీ గ్యాలరీ గోడకి తగిలిస్తే ఆ స్త్రీని రెండోసారి నిలబెట్టినట్టవుతుంది. తన ఒంటిని అడ్డుపెట్టడంలో కనీసం ఆ రెండో ప్రదర్శన తప్పింది. చూసేవాడు ఆ స్త్రీని కాకుండా తెరని చూస్తాడు, గళ్ళని చూస్తాడు. నేరస్తుల ఫోటో దగ్గర మాత్రం నా జవాబు నిలబడదు. పేపర్లో ఫోటో పడ్డవాళ్ళు అప్పటికి బతికున్న మనుషులు, కోర్టులో ఏం తేలిందో ఏంటో. ఆ ఫోటోని పునఃసృష్టి చేసినప్పుడు వాళ్ళ పరిస్థితి లక్ష్మీదేవి పరిస్థితి లాంటిది కాదు. పది బొమ్మల్లో నాకు ఇబ్బంది కలిగించేది అదొక్కటే. అది ఆ పనిలోని లోపమో, లేక అక్కడికి వచ్చేసరికి నాకు ఇబ్బంది కలగడమే ఆమె కోరుకున్నదో, ఎన్నిసార్లు చూసినా ఒక నిర్ణయానికి రాలేకపోతున్నాను.

వేషం అనగానే మనకి గుర్తొచ్చేవి పగటివేషాలు. పట్టపగలు, స్టేజీ లేకుండా, తెర లేకుండా, దుకాణాల ముందు, ఇళ్ళ గడపల్లో. దేవుళ్ళ వేషాలు, సన్యాసులు, అధికారుల వేషాలు. సగం శివుడు సగం పార్వతిగా ఒకే మనిషి కట్టే అర్ధనారీశ్వర వేషం చూడటానికి జనం ఎగబడేవారు. అక్కడ కళ అంతా ఒకటే: వేషం అని తెలిసీ ఒక్క క్షణం నమ్మించడం. ఆ నమ్మకం, ఆ నవ్వు రెండూ పుష్పమాల ఫోటోల్లో ఉన్నాయి. బాపట్లలో పుట్టిన స్థానం నరసింహారావు సత్యభామగా స్టేజీ ఎక్కితే ఆడవాళ్ళు ఆయన చీరకట్టు చూసి నేర్చుకున్నారని మన పెద్దలు చెప్పుకునేవారు. 1956లో పద్మశ్రీ ఇచ్చారు. కూచిపూడిలో వేదాంతం సత్యనారాయణశర్మ భామాకలాపం సంగతి చెప్పనే అక్కర్లేదు. మగవాడు ఆడవేషం కట్టడం మన దగ్గర మహావిద్య. ఆడమనిషి మగవేషం కడితే మాత్రం నవ్వుకో వింతకో అనుకుంటాం.

అందుకే వాస్కో డ గామా ఫోటో నాకు ఇష్టం. వాస్కో రాకకి నాలుగు వందల ఏళ్ళు నిండిన 1898లో, పోర్చుగీసు చిత్రకారుడు వెలోసో సల్గాడో ఆ కొలువు దృశ్యాన్ని ఊహించి గీశాడు. దొర నిటారుగా నిలబడి మాట్లాడుతుంటే మన రాజు వింటూ కూర్చున్న బొమ్మ. 2014 కొచ్చి-ముజిరిస్ బియెన్నాలే కోసం పుష్పమాల ఆ పెయింటింగుని సెట్టుతో సహా మళ్ళీ కట్టించి ఫోటో తీయించారు. వాస్కో వేషం ఆమె వేసుకున్నారు, మిగతా వేషాలకు మనుషుల్ని కూడగట్టారు. వాస్కో దిగిన తీరంలోనే, ఆయన గడ్డాన్ని ఒక దక్షిణాది ఆడమనిషి పెట్టుకుంది. పెయింటింగులోని గాంభీర్యం మొత్తం అద్దెకు తెచ్చిన దుస్తుల్లాగా కనిపించడం మొదలవుతుంది.

ఫోటోలు వేరేవాళ్ళు తీస్తే ఈమె గొప్పేంటి అనే మాట కూడా వింటుంటాను. 1885లో మొదలైన సురభి నాటక సమాజాన్ని గుర్తుచేసుకుంటే ఈ ప్రశ్నే రాదు. అక్కడ తెరలు రాసేవాళ్ళు, లైట్లు పట్టేవాళ్ళు, హార్మోనియం వాయించేవాళ్ళు, రాత్రికి వేషం కట్టేవాళ్ళు అందరూ ఒకే కుటుంబం. ఒక్కొక్కరు మూడు పనులు చేసేవారు. నాటకం ఎవరిది అంటే సమాజానిది. పుష్పమాల కూడా ప్రతి ప్రాజెక్టుకీ ఒక చిన్న సమాజం కడతారు. ‘ఫాంటమ్ లేడీ’ ఫోటోలు తీసిన మీనల్ అగర్వాల్, క్లేర్ ఆర్నీ, ఠక్కర్ పేర్లు ఆ పనుల పక్కన ఉన్నాయి. నా ఫిర్యాదల్లా ఏంటంటే, ఎగ్జిబిషన్ల గురించి రాసేవాళ్ళు ఫోటోగ్రాఫర్ దాకా వచ్చి ఆగిపోతారు. తెర రాసినాయన పేరు, కిరీటం చేసినాయన పేరు మన చదువుల్లోకి రావు.

తరువాతి పనుల్లోనూ దారి అదే. 2004లో తీసిన ‘రాష్ట్రీయ్ ఖీర్ అండ్ దేశీయ్ సలాడ్’ అనే చిన్న సినిమా, 1950-60ల నాటి ఇంటి వంటల నోటుపుస్తకాల ఆధారంగా నడుస్తుంది. కొత్తగా పుట్టిన దేశం, కొత్తగా పెళ్ళైన గృహిణి ఇద్దరూ ఒకే నోటుపుస్తకంలో కనిపిస్తారు. 2012లో కైకేయి, సీత, శూర్పణఖ. భారతమాత మీద ఏళ్ళ తరబడి నడుస్తున్న ప్రాజెక్టు ఒకటి ఉంది, 1905లో అవనీంద్రనాథ్ టాగోర్ గీసిన మాతతో సహా. 2017 సెప్టెంబరులో బెంగళూరులో జర్నలిస్టు గౌరీ లంకేశ్‌ని కాల్చి చంపిన తరువాత, పుష్పమాల భారతమాత వేషంలో జనం ముందు నిలబడి గౌరి పేరుతో చారు కాచారు. గౌరి ఆమెకి స్నేహితురాలు. ఊరేగింపులో జెండా పట్టుకునే తల్లి చేతికి గరిటె ఇస్తే ఆ తల్లి ఎవరి ఇంటి మనిషి అవుతుందో చూడండి.

ఇలాంటి కెరీర్ ఊరికే కుదరదు, డబ్బు సంగతి మాట్లాడకపోతే అబద్ధం ఆడినట్టే. ‘నేటివ్ విమెన్’కి బెంగళూరులోని ఇండియా ఫౌండేషన్ ఫర్ ది ఆర్ట్స్ గ్రాంటు ఇచ్చింది. మొదట్లోనే అవార్డులు వచ్చాయి, బొంబాయి ఢిల్లీ గ్యాలరీలు పక్కన నిలబడ్డాయి. ఫోటోకి ఒక సౌకర్యం కూడా ఉంది. పరిమిత సంఖ్యలో ప్రింట్లు అమ్ముకోవచ్చు. వీడియో, ప్రదర్శన అయితే కొనేవాడు తక్కువ. ఒక రకం పని ఇంకో రకం పనిని పోషించాల్సిందే.

మన రెండు రాష్ట్రాల్లో ఆ వెసులుబాటు ఎంత? నాకు తెలిసిన కుర్రాడొకడు ఒక ఆర్ట్ కాలేజీలో పెయింటింగ్ చదువుతూ, ఫైనలియర్లో తన తాతగారి బుర్రకథ వేషాన్ని తను కట్టి వీడియో తీసి పెడతానన్నాడు. పెయింటింగ్ విద్యార్థివి పెయింటింగ్ పెట్టు అన్నారట. చివరికి కాన్వాసు మీద బుర్రకథ బొమ్మ గీసి మార్కులు తెచ్చుకున్నాడు. బాగానే గీశాడు. ఇప్పుడు హైదరాబాద్‌లో ఒక గేమింగ్ కంపెనీలో పనిచేస్తున్నాడు, జీతం కూడా బాగుంది. అతని గురించి జాలిపడాల్సిన పనేం లేదు. ఆ వీడియో మాత్రం లేదు, తాతగారూ లేరు.

ఇటీవలి ఏళ్ళలో పుష్పమాల రాగిరేకుల మీద మరుగున పడ్డ లిపులతో ‘అట్లాస్ ఆఫ్ రేర్ అండ్ లాస్ట్ ఆల్ఫాబెట్స్’ చేశారు. తామ్రశాసనాల్లాంటి రేకులు, చదవలేని అక్షరాలు. శిల్పానికి తిరిగొచ్చారని కొందరు రాశారు. వెళ్ళిపోతే కదా తిరిగి రావడానికి. ఎవరు ఎవరి గురించి రాసిపెట్టారు, ఆ రాతని ఇప్పుడెవరు చదవగలరు అన్న అదే పాత ప్రశ్న. ఈసారి రాగి మీద.

నాకున్న కోరిక ఒకటి చెప్పి ఆపుతాను. థర్‌స్టన్ పోలీసులకి పాఠాలు చెప్పిన విద్యకి మన గడ్డ మీద ఒక చిరునామా ఉంది. కొన్ని తెగల్ని పుట్టుకతోనే నేరస్తులని ముద్రవేసిన క్రిమినల్ ట్రైబ్స్ చట్టం కింద 1910లలో బాపట్ల దగ్గర స్టూవర్టుపురం సెటిల్‌మెంట్ పెట్టి, ఎరుకల కుటుంబాలను అక్కడ ఉంచి, నిర్వహణ సాల్వేషన్ ఆర్మీ అనే క్రైస్తవ సంస్థకి అప్పజెప్పారు. చట్టం పోయి దశాబ్దాలైనా సినిమాలు ఆ ఊరి పేరుని ఇంకా వదల్లేదు. పుష్పమాల నేరస్తుల ఫోటో చూసినప్పుడు నాకు ఆ ఊరే గుర్తొస్తుంది. ఆ ఊరి మీద ఇలాంటి పని ఎవరైనా చేస్తే, బయటి నుంచి వచ్చిన కళాకారులు వేషం కట్టడం నేను చూడదలుచుకోలేదు, వాళ్ళు ఎంత గొప్పవాళ్ళైనా సరే. ఆ ఊళ్ళో చదువుకుని, ఉద్యోగాలు చేస్తూ, ఊరి పేరు చెప్పగానే ఎదుటివాడి ముఖంలో వచ్చే మార్పు రోజూ చూస్తున్న పిల్లలున్నారు. ఆ గళ్ళ తెరా, కెమెరా వాళ్ళ చేతికి ఇవ్వాలి. తెర ముందు ఎవరిని నిలబెట్టి కొలవాలో వాళ్ళే ఎంచుకుంటారు. సినిమావాళ్ళని నిలబెడతారో, పోలీసుల్ని నిలబెడతారో, ఈ వ్యాసం రాస్తున్న నన్నే రమ్మంటారో.